గ్రేట్‌ఫుల్ డెడ్ బృందము: పాఠప్రయోగ విమర్శము

ఒక కృతికిఁ బెక్కు పాఠములు గలవేని వానిలో మూలమేది యని నిర్ణయించుట పరిష్కర్తల కార్యము. తాళపత్రములు శిథిలములగుటచేతను, లేఖకులు ప్రమాదపడుటచేతను బాఠభేదములు పుట్టుచుండును గావున, వానిని దొలఁగించి కర్త యుద్దేశించిన పాఠమును సాధించుటయే పరిష్కరణమని సామాన్యముగాఁ దలఁపఁబడుచున్నది. కాని కర్తలే తమ కృతిని నేఁ డొకరీతిని, రే పొకరీతినిఁ బ్రవర్తింపఁజేసి, యా రీతులన్నియు లేఖకదోషము సోఁకక నిలిచియున్నచో, నప్పుడు మూలమేది? భేదమేది? ఈ ప్రశ్న కేవల మూహాజనితము కాదు. అమెరికా సంయుక్తరాష్ట్రములలో 1965 మొదలు 1995 వఱకు ముప్పదియేండ్లు పాడిన గ్రేట్‌ఫుల్ డెడ్ అను రాక్ సంగీతబృందముయొక్క చరిత్రమునం దీ ప్రశ్న ప్రత్యక్షముగా నెదురగుచున్నది.

ఈ బృందమువారు రమారమి 2,300 కచ్చేరులు చేసిరి. వానిలో నధికభాగము టేపులపై నెక్కి నిలిచియున్నది. ఒకే పాట వందలకొలఁది పర్యాయములు పాడఁబడినను, నే రెండు పర్యాయములును సర్వసమములు కావు. స్టూడియోలో సిద్ధపఱచి ప్రకటించిన యాల్బములన్ననో పదుమూఁడు మాత్రమే. విమర్శకులలో నొక తెగవా రీ పదుమూఁడింటినే కృతులుగా గ్రహించి, వానియందు సౌష్ఠవము కొఱవడినదని చెప్పి, బృందమును మధ్యమశ్రేణిలోఁ జేర్తురు. వేఱొక తెగవారు ప్రతి కచ్చేరియుఁ బ్రమాణమే యనియు, నందలి తప్పులు సైత మాదరణీయములే యనియు వాదింతురు. మొదటివారికిఁ బ్రయోగదృష్టి లేదు. రెండవవారికి వివేచనము లేదు. ఈ రెండు పక్షములను బరీక్షించి, బృందచరిత్రమును బట్టి వాని బలాబలములఁ దెలుపుట యీ వ్యాసమునకుఁ బ్రయోజనము.

మొదట నామవిచారము. 1965 లో నీ బృందమునకు వార్లాక్స్ అను పేరుండెను. ఆ పేరు వేఱొక బృందమునకుఁ గలదని తెలియవచ్చుటచేఁ గ్రొత్తపేరు వెదకుచుండఁగా, గిటారువాద్యకుఁడగు జెర్రీ గార్షియా, సహచరుఁడగు ఫిల్ లెష్ యింట నొక నిఘంటువును దెఱచినంతనే యీ పదబంధము కంటఁబడినది. గ్రేట్‌ఫుల్ అనఁగాఁ గృతజ్ఞతగల. డెడ్ అనఁగా మృతుఁడు. ఇది జానపదకథాశాస్త్రములో నొక కథాజాతికి సంజ్ఞ. ఒక బాటసారి త్రోవలో శవ మొకటి సంస్కారము లేక పడియుండుటఁ జూచి, చేతనున్న ధనమంతయు వెచ్చించి దాని కుత్తరక్రియలు చేయించును. పిదప నా మృతుఁడు మాఱురూపమున వచ్చి, యాతనికిఁ దోడుపడి, యాపదలఁ దీర్చును. ఈ కథాచ్ఛాయ ప్రాచీనమగు తోబితు గ్రంథమునందుఁ గలదు. గెరౌల్డ్ అను పండితుఁడు 1908 లో నీ కథాజాతి చరిత్రమునే ప్రత్యేకగ్రంథముగా వ్రాసెను.

కావున నీ పేరు శ్మశానభీతినో మృత్యుపూజనో తెలుపునని చెప్పువారు రూఢిని విడిచి యవయవార్థమును మాత్రమే పట్టుకొనువారు. ఆ కథకుఁ బ్రాణము ఋణవిమోచనము. అనాథయగు మృతునకుఁ జేసిన యుపకారము బ్రదికినవానికి మరల లభించుట దాని సారము. ఎవరు కట్టిరో తెలియని పాతపాటలను గైకొని, వానికిఁ గ్రొత్త బ్రదుకొసఁగి, వానివలనఁ దాము బ్రదికిన యీ గాయకుల కట్టి పేరు కాకతాళీయముగాఁ గుదిరినను నన్వర్థమైనది.

బృందముయొక్క జన్మస్థానము కాలిఫోర్నియాలో, సాన్‌ఫ్రాన్సిస్కో నగరమునకు దక్షిణమున నున్న పాలో ఆల్టో ప్రాంతము. 1964 లో గార్షియాయు, బాబ్ వియరును, పిగ్‌పెన్ అను మాఱుపేరుగల రాన్ మెక్‌కెర్ననును గలసి జగ్గు మేళ మొకటి కూర్చిరి. జగ్గు మేళ మనఁగాఁ గూజామూతిలో నూఁది మంద్రధ్వనిఁ బుట్టించుచు, నింటి సామగ్రినే వాద్యములుగాఁ జేసికొని పాడు పాతకాలపు మేళము. మఱుసటి యేఁట వారు విద్యుద్వాద్యములఁ జేపట్టిరి. బిల్ క్రాయిట్స్‌మన్ డ్రమ్ములు వాయించుటకును, లెష్ మంద్రగిటారు వాయించుటకును వచ్చి చేరిరి.

ఈ యేవుర శిక్షణములును భిన్నములని గమనింపవలయును. గార్షియా పల్లెపాటల బాంజోవాద్యమునఁ జేయి తిరిగినవాఁడు. మెక్‌కెర్నన్ నల్లజాతివారి బ్లూస్ పాటలలో మునిఁగి పెరిగినవాఁడు. లెష్ మొదట ట్రంపెటు వాయించి, మిల్స్ కళాశాలలో లూచియానో బెరియో అను నిటలీ దేశపు స్వరకర్తయొద్ద నాధునిక పాశ్చాత్యసంగీతము నభ్యసించినవాఁడు. మంద్రగిటారును బృందములోఁ జేరిన పిమ్మటనే నేర్చికొనెను. అందుచేత నాతని వాద్యము శ్రుతికిఁ గుదురుగా నిలుచుటకు మాఱుగా వేఱొక గాత్రమువలెఁ బ్రధానగీతముతో సంవాదము చేయుచుండును. పలుబడులఁ జదివినవా రొక సభలోఁ జేరినప్పుడు పరస్పర మాలకించుట యావశ్యకమగును. ఈ యాలకించుటయే వీరి సంగీతమునకు మూలబలము.

1965–66 సంవత్సరములలో నవలాకారుఁడగు కెన్ కీసీయు నాతని మిత్రులును ఆసిడ్ టెస్టు లను పేరఁ గొన్ని సమావేశములు జరిపిరి. అందు ఎల్.ఎస్.డి. యను మత్తుమందు సేవింపఁబడుచుండెను. అప్పటికిఁ గాలిఫోర్నియాలో దానికి నిషేధము లేదు. 1966 అక్టోబరులో నిషేధింపఁబడెను. ఆ మందుయొక్క ఫల మీ బృందములోనివారికిఁ బిమ్మటఁ దగులకపోలేదు. కాని సంగీతచరిత్రమున కావశ్యకమైన యంశము వేఱొకటి కలదు. ఆ కూటములలో గాయకులు కచ్చేరి చేయుటకు రాలేదు. అక్కడివారిలోఁ దామును గొందఱై యుండిరి. ఇన్ని పాటలు పాడవలయుననియు, నింతసేపు పాడవలయుననియు నియమ ముండలేదు. పాడనిచ్చ లేనప్పుడు మానవచ్చును. పాడఁదొడఁగిన పాట నెంతదూరమైనఁ గొనిపోవచ్చును. నియమములేని యీ యవకాశమే తరువాత ముప్పదియేండ్లకు వారికి నియమమైనది.

1967 లో మిక్కీ హార్ట్ రెండవ డ్రమ్మువాద్యకుఁడుగాఁ జేరెను. ఈతఁడు ప్రసిద్ధ తబలావిద్వాంసుఁడగు ఉస్తాద్ అల్లా రఖాయొద్ద శిక్షణము పొందెను. భారతీయ తాళపద్ధతి యీ బృందములోనికి వచ్చినమార్గ మిది. రాక్ సంగీతము సామాన్యముగా నాలుగు మాత్రల గణములతో నడుచునది. వీ రట్లుగాక పదునొకండు మాత్రల యావృత్తముతో దాని సంఖ్యనే పేరుగాఁ గల "ది ఇలెవెన్" అను పాటఁ గూర్చిరి. హార్టు 1971 లోఁ దొలఁగి, 1974 లో మరలఁ జేరెను. 1976 లో నల్లా రఖా కుమారుఁడగు జాకిర్ హుస్సేన్‌తోఁ గలసి డీగా రిథమ్ బ్యాండు పేర నొక యాల్బము వెలువరించెను. ఇది పేరునకు మాత్రము చేసిన యనుకరణము గాక, యభ్యాసపూర్వకమైన సంబంధమని యెఱుంగునది.

1968 లోని "ఆంథెమ్ ఆఫ్ ద సన్" అను నాల్బములో వీరు పెక్కు కచ్చేరుల రికార్డులను స్టూడియో రికార్డులతోఁ గలిపి యల్లిరి. 1969 లోని "ఆక్సోమొక్సోవా"కై స్టూడియోలో దీర్ఘకాలము గడపి రికార్డు సంస్థకు ఋణపడిరి. ఆ యేఁటనే ప్రకటించిన "లైవ్ / డెడ్" కచ్చేరులనుండి యథాతథముగాఁ గైకొన్నది. వ్యయము స్వల్పము, ఫలము మిక్కిలి. ఎంత పని చేసినను స్టూడియోలో దొరకని ప్రాణము సభలో నప్రయత్నముగా దొరకిన దనుటకు నీ మూఁ డాల్బములే సాక్ష్యము.

మొదటి పక్షమువా రిచట నొక యాక్షేపము చేయుదురు. 1970 లో వెలువడిన "వర్కింగ్‌మన్స్ డెడ్", "అమెరికన్ బ్యూటీ" అను రెండును స్టూడియోకృతులే కదా. అవియే యుత్తమములని పెక్కుర మతము కదా యని. ఇది సత్యము. వాని గౌరవమునకుఁ గారణము రాబర్ట్ హంటర్ రచించిన సాహిత్యము. హంటర్ ఈ బృందములో వాద్యకుఁడు గాఁడు. బృందగాయకుఁడును గాఁడు. అయినను 1994 లో రాక్ సంగీతగౌరవశాలలో బృందమును జేర్చినప్పు డీతఁడును సభ్యుఁడుగానే గణింపఁబడెను. జర్మనుకవి రిల్కేయొక్క దూయీనో విలాపగీతముల నాంగ్లీకరించి 1987 లోఁ బ్రకటించిన పండితుఁ డీతఁడు.

హంటర్ శైలిలో ముఖ్యగుణము తన్నుఁ దాను మఱుఁగుపఱచుకొనుట. "డయర్ ఉల్ఫ్" అను పాటలోఁ జలికాలపు రాత్రి కిటికీయొద్ద నిలిచిన తోఁడేలును జీట్లాటకుఁ బిలిచినవాఁడు తన చావును దానే నిబ్బరముగాఁ జెప్పును. తోఁడే లేల వచ్చెనో, వాఁ డేల పిలిచెనో కవి చెప్పఁడు. కారణము లోపింపఁగాఁ గార్యము మాత్రము నిలుచును. శ్రోత దానిని సమకూర్చుకొనవలయును. ఇది ప్రాచీన జానపదగీతముల లక్షణము. "కంబర్లండ్ బ్లూస్" అను గనిపనివాని పాట విని, యా గనులలోనే పనిచేసిన యొకఁడు, ఈ పాటఁ గట్టిన యా పూర్వుఁడు దీని నిట్టి బృందము పాడు నని యెఱిఁగియుండిన నేమనియెడివాఁడో యని హంటర్‌తోనే యనెనఁట. తన పేరు మాసిపోయి పాట నిలిచె నని వినుటకంటెఁ గవికి వేఱు బిరుదము గలదా?

కాఁబట్టి 1970 నాఁటి యాల్బములు మొదటి పక్షమున కనుకూలించు సాక్ష్యమే. అయినను నది సాహిత్యప్రధానమైన పాటలకు మాత్రమే చెల్లును. గానప్రధానమైనవానికిఁ జెల్లదు. అందుకు నిదర్శనము "డార్క్ స్టార్". ఈ పాటలో సాహిత్యము రెండు చరణములును, నొక పల్లవియు మాత్రమే. 1968 లో స్టూడియోలోఁ బాడి ప్రకటించినప్పుడు మూఁడు నిమిషములైనఁ బట్టలేదు. 1969 ఫిబ్రవరి 27 వ తేదీని సాన్‌ఫ్రాన్సిస్కోలోని ఫిల్‌మోర్ వెస్ట్ సభలోఁ బాడినది "లైవ్ / డెడ్"లోఁ బ్రకటితమై యున్నది. అది యిరువదిమూఁడు నిమిషములు. 1972, 1973 సంవత్సరములలో నలువది నిమిషములు దాఁటిన ప్రయోగములును గలవు. ఇవి యన్నియు నొక్కపాటయేనా?

శబ్దశాస్త్రజ్ఞుల కీ ప్రశ్న క్రొత్తది గాదు. మహాభాష్యమునఁ దపరసూత్రవిచారములోఁ బతంజలి యిట్టి శంకనే యెత్తి, భేరీదృష్టాంతముచేఁ బరిహరించెను. భేరిని గొట్టినవాఁడు ధ్వని వినవచ్చునంతలో నొకమా ఱిరువదియడుగులు, నొకమాఱు ముప్పది, నొకమాఱు నలువది నడచును. ధ్వనికి వృద్ధి గలదు. స్ఫోటము మాత్ర మంతియే. పలుకువాని వేగమును బట్టి కాలము పెరుఁగును గాని శబ్దము వేఱు కాదని తాత్పర్యము. ఈ న్యాయము ననుసరించి, మూఁడు నిమిషముల పాటయు నలువది నిమిషముల పాటయు స్ఫోటరూపమున నొక్కటియే యనియు, భేదము ధ్వనిగతమే యనియుఁ జెప్పవచ్చునని తోఁచును.

కాని యీ పోలిక కొంతదూరమే నడుచును. ధ్వనివృద్ధియందు విలంబముగాఁ బలికినను గ్రొత్తవర్ణ మొకటియుఁ బుట్టదు. "డార్క్ స్టార్"నందన్ననో మొదటి చరణమునకుఁ బూర్వమును, రెండు చరణముల నడుమను గల వాద్యభాగమున నెన్నఁడును వినని స్వరసంచారములు పుట్టుచుండును. ఒకనాఁడు లయ నిలిచియుండును. వేఱొకనాఁడు లయయే తెగి, కేవలనాదములు మాత్రము మిగులును. కొన్ని రాత్రులు మొదటి చరణముతోనే పాట ముగిసి రెండవ చరణము రానే రాదు. ఇది వేగభేదము గాదు, వస్తుభేదము. కాఁబట్టి స్ఫోటన్యాయ మిచట నసమర్థము.

దీనికిఁ దగిన న్యాయము ధాతుప్రకరణమునఁ గలదు. ప్రకృతిని బ్రత్యయము లేక ప్రయోగింపరాదని వైయాకరణుల సమయము. ధాతుపాఠములోఁ బఠింపఁబడిన ధాతువు శాస్త్రవ్యవహారమునకు మాత్రమే. లోకములో నది పలుకఁబడదు. పలుకఁబడునది కాలపురుషవచనములతోఁ గూడిన పదము. ఉపసర్గ చేరినచో నర్థమును మాఱును. అయినను బదములన్నియు నొక్క ధాతువువలనఁ బుట్టినవే యని గుర్తింపఁగలము. 1968 నాఁటి మూఁడు నిమిషముల రికార్డు ధాతుపాఠములోని ధాతువువంటిది. ఫిల్‌మోర్ వెస్ట్‌నాఁటిది యొక పదము. తరువాతి వేఱువేఱు పదములు. పదములను విడిచి ధాతుపాఠమును జదివి యీ భాషలో రసము లేదనువాని మాట యెట్టిదో, స్టూడియోరికార్డులను మాత్రము విని యీ బృందమును నిందించువాని మాటయు నట్టిదే. రెండవ చరణము లోపించినప్పుడు నెఱిఁగిన శ్రోత దాని నధ్యాహారము చేసికొనును.

సంధివిషయమున నీ బృందముయొక్క నేర్పు మఱింత స్పష్టము. వీ రొక పాట ముగియకమునుపే వేఱొక పాటలోఁ బ్రవేశించుట యలవాటు. "చైనా క్యాట్ సన్‌ఫ్లవర్" అను హంటర్ రచనను, "ఐ నో యూ రైడర్" అను పాతపాటను 1969 మొదలు జంటగాఁ బాడిరి. రెండవది కర్తృనామము లేని జానపదగీతము. లోమాక్సు తండ్రికొడుకులు 1934 లోఁ బ్రకటించిన సంకలనములోఁ గలదు. మొదటిది స్వప్నమువలె నసంబద్ధచిత్రములతోఁ గూడినది. రెండవది సూటియైన యెడబాటు పాట. నడుమ గిటారులు కొంతసేపు రెంటికిని జెల్లు సంచారములఁ జేయును. ఏకాదేశసంధియందుఁ బుట్టిన యొక్కయచ్చును బూర్వపదమున కంతముగాను, బరపదమున కాదిగాను శాస్త్రము భావించును గదా. ఈ సంధిభాగ మట్టిదే. అది యే పాటకుఁ జెందినదని యడుగుట వ్యర్థము. నూతనకవితయుఁ బ్రాచీనగీతమును నిట్లు కలియుటలో నీ బృందమువారి సంగీతసిద్ధాంతమంతయు నిమిడియున్నది.

ఇఁక రెండవ పక్షమువారి మాట. ప్రయోగమంతయుఁ బ్రమాణమే యనుచో సాధ్వసాధువివేచనమునకుఁ జోటుండదు. వాడుకలో నపశబ్దములును గలవు. ఈ బృందపు కచ్చేరులలో శ్రుతి దప్పిన గాత్రములు, మఱచిన చరణములు, దారి తెలియక తిరిగిన సంచారములు పెక్కు. వెదకుచుఁ బోవువానికి దొరకకపోవుటయు నొకప్పుడు తప్పదు. దానిని దాఁచుట యెంత తప్పో, దొరకె నని పొగడుట యంతకంటెఁ దప్పు. స్థాలీపులాకన్యాయ మిచటఁ జెల్లదు. ఒక్క మెతుకు పట్టి చూచి కుండెఁ డన్నమును నిర్ణయింపవచ్చును గాని, యొక్క రాత్రి పాట విని ముప్పదియేండ్లను నిర్ణయింపరాదు. ప్రతి ప్రయోగమును వేఱుగాఁ బరీక్షింపవలసినదే.

అట్టి పరీక్షకు సాధనములు సమకూర్చినవారు శ్రోతలే. శ్రోతలు కచ్చేరిని టేపులపైఁ బట్టుకొనుటను బృందమువా రడ్డగింపలేదు. 1984 లో సభలో వారికిఁ బ్రత్యేకస్థలమునే యేర్పఱచిరి. టేపును విక్రయింపరాదు, మార్చుకొనవచ్చును అనునదే నియమము. ఇట్లు వేనవేలు ప్రతులు చేతినుండి చేతికిఁ బోయినవి. 1987 లో వెలువడిన "డెడ్‌బేస్" అను గ్రంథ మే దినమున నే పాట యే వరుసఁ బాడఁబడెనో తెలుపు ననుక్రమణిక. డేవిడ్ డాడ్ 2005 లో సాహిత్యమంతటికిని సవ్యాఖ్యమగు ప్రతిని బ్రకటించెను. బృందముయొక్క పత్రములన్నియు 2008 లోఁ గాలిఫోర్నియా విశ్వవిద్యాలయమువారి సాంటా క్రూజ్ శాఖకు దానముగా నీయఁబడినవి. ప్రతులు, ననుక్రమణిక, వ్యాఖ్యానము, భాండాగారము అను నాలుగంగములును గల రాక్ బృందము వేఱొకటి యరుదు.

ధ్వనిస్పష్టతయందును వీరు శ్రద్ధ వహించిరి. 1974 లోఁ గట్టించిన "వాల్ ఆఫ్ సౌండ్" అను ధ్వనియంత్రమున సుమా రాఱునూఱు లౌడుస్పీకరులు గలవు. బరువు రమారమి 75 టన్నులు. ఒక్కొక్క వాద్యమునకు వేఱువేఱు స్పీకరుల వరుస యుండుటచే నాదములు కలసి కలఁగిపోవు. స్పీకరులు గాయకుల వెనుకనే యుండెను గావున, ప్రతిగాయకునికిని రెండేసి మైక్రోఫోనులను విపరీతదశలోఁ గూర్చిరి. వెనుకనుండి వచ్చు ధ్వని రెంటను సమముగాఁ బడి నశించును; ఒకదానిలోఁ బాడిన గాత్రము మాత్రము నిలుచును. యుక్తి మెచ్చఁదగినదే. కాని మోయుటకును నిలుపుటకును నగు వ్యయము భరింపరానిదై, యా యేఁటి యక్టోబరులోనే దానిని విడిచి, 1976 వఱకు యాత్రలు మానిరి.

ఇచట లేఖకగుణమును గూర్చి యొక హెచ్చరిక యావశ్యకము. 1977 మే 8 వ తేదీని న్యూయార్కు రాష్ట్రమున ఇథకాలోని కార్నెల్ విశ్వవిద్యాలయపు బార్టన్ శాలలోఁ జేసిన కచ్చేరి యన్నింటఁ బ్రసిద్ధము. 2011 సంవత్సరపు జాబితాలో నది జాతీయధ్వనిముద్రణ పట్టికకెక్కెను. దీనిని టేపున నెక్కించినవారు బెట్టీ కాంటర్-జాక్సన్; ఆమె ప్రతులు నైర్మల్యమునకుఁ బేరొందినవి. మంచిప్రతి దొరకిన కావ్యమే మంచికావ్యమని భ్రమించుట పండితులకును గలదు గావున, నీ ప్రసిద్ధి పాటదా, ప్రతిదా యని శంకింపవలయును. 2017 లో నా నెలలోని న్యూహేవెన్, బోస్టన్, ఇథకా, బఫలో కచ్చేరు లొక్కసంపుటముగా వెలువడుటచే నీ శంకకుఁ బరీక్ష సాధ్యమైనది.

పోల్చి చూడఁగా మొదటి భాగమున ఇథకా కచ్చేరి తక్కినవానిని మించినదని చెప్పుటకు వలనుపడదు. రెండవ భాగమున "స్కార్లెట్ బిగోనియాస్" నుండి "ఫైర్ ఆన్ ద మౌంటెన్"లోనికిఁ బోయిన సంధియు, "మార్నింగ్ డ్యూ" ముగింపును మాత్రము నిజముగా నసాధారణములు. "మార్నింగ్ డ్యూ" బానీ డాబ్సన్ అను కెనడా గాయని రచన. అణుయుద్ధమున లోకము నశించిన పిమ్మట మిగిలిన యిద్దఱి సంభాషణము. ఆ రాత్రి చివర గార్షియా గిటారు మెల్లగాఁ బ్రారంభించి, తొందరపడక, క్రమక్రమముగా నెత్తునకుఁ బోయిన తీరు కరుణరసపోషణమున కుదాహరణము. కావునఁ బ్రసిద్ధిలోఁ గొంత ప్రతిది, కొంత పాటది. కచ్చేరి యంతయు సర్వోత్తమ మనుట యతిశయోక్తి. ఆ రెండు ఘట్టములు సర్వోత్తమశ్రేణిలోని వనుట న్యాయము.

బృందముయొక్క యుత్తరకాలము శోచనీయము. మెక్‌కెర్నన్ 1973 లో నిరువదియేడవ యేఁటనే మృతిచెందెను. ఆతనివెనుకఁ గీబోర్డు పీఠ మెక్కిన కీత్ గాడ్‌షో 1979 లోఁ దొలఁగి మఱుసటి యేఁట మరణించెను. బ్రెంట్ మిడ్లండ్ 1990 లో మరణించెను. గార్షియా మత్తుమందులకు లోఁబడి, 1986 లో మధుమేహముచేఁ దెలివి దప్పి, కోలుకొన్న పిమ్మట గిటారు మరల నేర్చికొనవలసినవాఁ డయ్యెను. 1987 లో "టచ్ ఆఫ్ గ్రే" యను పాట దేశీయపట్టికలోఁ దొమ్మిదవ స్థానమున కెక్కెను. ముప్పదియేండ్లలో మొదటి పదింట నెక్కిన పాట యిదొక్కటియే.

ఆ విజయమే వారికి భారమైనది. పాట నాలకించు సభకు మాఱుగా సందడికై వచ్చు గుంపులు పెరిగినవి. 1995 జూలై 2 వ తేదీని ఇండియానా రాష్ట్రమందలి డీర్ క్రీక్‌లో గుంపులు కంచె కూలఁద్రోచి చొరఁబడుటచే మఱునాఁటి కచ్చేరి నిలిపివేయఁబడెను. జూలై 9 న షికాగోలోఁ జేసిన కచ్చేరియే చివరిది. ఆగస్టు 9 న గార్షియా యేఁబదిమూఁడవ యేఁట మరణించెను. తక్కినవా రా పేరును విడిచిరి. ఈ కాలపు కచ్చేరులలో గాత్రము జీర్ణించినది, వ్రేళ్లు తడఁబడినవి. అభిమానులు దీనిని మఱుఁగుపఱతురు. మఱుఁగుపఱచుట భక్తి కావచ్చును గాని విమర్శము గాదు. క్షయమును క్షయమని చెప్పినప్పుడే పూర్వపు వృద్ధికి విలువ.

హంటర్ 2019 లోను, లెష్ 2024 లోను గతించిరి. 2024 డిసెంబరులోఁ గెనెడీ కేంద్రమువారి జాతీయగౌరవ మీ బృందమునకు లభించెను. ఇఁకమీఁద నీ పాటల నెఱుఁగఁగోరువా రెల్లరు ప్రతులమూలముననే యెఱుఁగవలయును. అప్పుడు రెండపాయములు గలవు. ధాతుపాఠమును మాత్రమే ముద్రించి యిదియే భాషయనుట మొదటిది; పలుకఁబడిన ప్రతిశబ్దమును బోగుచేసి యెన్నిక మానుట రెండవది. మొదటిదానివలనఁ బ్రయోగము నశించును. రెండవదానివలన సాధుప్రయోగ మసాధువులలోఁ గలసి కనఁబడక నశించును. 2,300 కచ్చేరుల నెవ్వఁడు నొక్కజీవితమున శ్రద్ధతో వినఁజాలఁడు. ఎన్నిక లేనిచో వినుటయే నిలిచిపోవును.

కావున నీ బృందముయొక్క కృతి పదుమూఁ డాల్బములును గాదు, టేపులరాశియును గాదు. ఆలకించుచుఁ బాడుట యను నభ్యాసమును, దానివలన నొక్కొక్క రాత్రి సిద్ధించిన సాధుప్రయోగములును గలసి దాని కృతి. వానిని వెదకి, యితరములనుండి వేఱుపఱచి, యేల సాధువులో కారణముతోఁ జెప్పుట విమర్శకుల యందు మిగిలియున్న ఋణము. దిక్కులేని శవమునకు సంస్కారము చేసిన బాటసారి కథ యీ బృందమునకుఁ బేరిచ్చినది. పాడినవారు గతించుచుండఁగా, వారి పాటకుఁ దగిన సంస్కారమును జేయుట యిప్పుడు విన్నవారి వంతు.